ఏడాది హీరోగారి ఎంట్రీ

మా చెల్లెలి మనవడు మొన్న వాట్సాపు వీడియోలో నన్ను పిలిచాడు. "తాతా, నా ఫస్ట్ బర్త్‌డేకు తప్పకుండా రావాలె." నెత్తిన కిరీటం, వెనక రెండు సింహాలు, మాటకు తగ్గట్టు మూతి కదులుతోంది. వాడికి ఇంకా "అత్త" అనడం కూడా రాదు. ఈ నెలలో మీకూ ఇట్లాంటివి నాలుగైనా వచ్చే ఉంటాయి కాబట్టి వివరించను.

నా పుట్టినరోజు బళ్లో సారు పెట్టింది. మా అమ్మకు తెలిసిందల్లా ఆ యేడు జొన్నలు బాగా పండినయని. మాకు తొట్టెలయ్యేది. పుట్టెంటికలకు మల్దకల్ తిమ్మప్ప దగ్గరికో అలంపూర్ జోగులాంబ దగ్గరికో పోయి, మేనమామ ఒళ్లో కూర్చోబెట్టి గుండు గీయించేవాళ్లు. అప్పుడూ పిల్లలు ఏడ్చేవాళ్లే. కాకపోతే ఒక్కసారి ఏడిస్తే సరిపోయేది.

ఇప్పుడు ఎంట్రీ ఉంది.

ఏడు గంటలకని పిలిచి తొమ్మిదిన్నరకు ఫంక్షన్ హాల్లో లైట్లన్నీ ఆర్పేశారు. కరెంటు పోయిందనుకుని పక్కాయన జేబులో టార్చి వెతుక్కున్నాడు. డీజే గుద్దుడుకు నా ఛాతీలో ఏదో కదిలింది. కింద నుంచి తెల్లటి పొగ. ఆ పొగలోంచి బొమ్మ జీపులో, నల్లద్దాలు పెట్టుకుని, మా వాడు. జీపు నడిపేది రిమోటు పట్టుకున్న వాళ్ల నాన్న. సగం దూరం వచ్చి జీపు ఎర్ర కార్పెట్ మడతలో ఇరుక్కుంది. పొగలో తల్లి కనబడక పిల్లవాడు గుక్కపట్టాడు.

"మామా, ఒక్క నిమిషం, మళ్ల చేస్తం" అన్నాడు మా మేనల్లుడు.

మళ్లీ లైట్లు ఆర్పారు. మళ్లీ పొగ. ఈసారి జీపు కదిలింది గానీ, నిప్పురవ్వల గొట్టాలు రెండు పక్కలా లేచేసరికి వాడు నల్లద్దాలు పీకి పారేశాడు. ఫోటోగ్రాఫరు తల అడ్డంగా ఊపాడు. మూడోసారి. షుగర్ గోలీ వేసుకుని ఆకలితో కూర్చున్న నాకు పొగలో వాడి ఏడుపొక్కటే వినబడుతోంది. దాన్ని కూడా తర్వాత పాటతో కప్పేస్తారట.

చివరికి సింహాసనం. వనపర్తి రాజాగారి ప్యాలెస్‌లో 1959 నుంచి పాలిటెక్నిక్ నడుస్తోంది. గద్వాల కోటలో డిగ్రీ కాలేజీ. రాజులు పోయారు, కోటల్లో బెంచీలు పడ్డాయి. సింహాసనాలు మాత్రం టెంటుసామాను వాళ్ల దగ్గర భద్రంగా ఉన్నాయి, ఆదివారానికి కిరాయికి.

ఇంతవరకు నవ్వుకున్నాను. తర్వాత పిల్లవాడి తల్లి పుట్టింటివాళ్లు స్టేజీ ఎక్కారు. తాత చేతిలో బంగారు గొలుసు. తులం లక్ష దాటిన రోజులివి. మైకులో "రెండు తులాలు" అని చదివారు, చప్పట్లు కొట్టించారు. ఆ తాత అయిజ దిక్కు పత్తి విత్తనాలు పండించే రైతు. ఇంటిల్లిపాదీ ఎండలో నిలబడి ఒక్కో పువ్వునూ చేత్తో క్రాసింగ్ చేస్తే వచ్చే పంట. పైసలు ఎప్పుడిస్తారో తెలియని ఆ పంటను చూపించి విత్తనాల ఆర్గనైజరు దగ్గర మిత్తికి తెచ్చాడని భోజనాల దగ్గర ఆయనే చెప్పాడు, నవ్వుతూ. వెండి మొలతాడు పెడితే బిడ్డకు అత్తగారింట్లో మాట పడుతుందట. ఎవరడిగారయ్యా? ఎవరూ అడగలేదు. పోయిన నెల పెద్ద కోడలి వాళ్లు పెట్టారు, అంతే. అడగకుండా గుంజుకోవడం వరకట్నం దగ్గర నేర్చుకున్నాం, ఇప్పుడు దాన్ని ఉయ్యాల దాకా తెచ్చాం. సిగ్గు లేదు మనకు. ఆ చప్పట్లలో నావీ ఉన్నాయి.

ఫ్లెక్సీ సంగతి వదిలేస్తాను. అందులో పిల్లవాడికన్నా సర్పంచు పెద్దగా ఉన్నాడు.

ఇక కేకులు, రెండు. రెండేళ్లు నిండేదాకా పిల్లలకు చక్కెర ఎక్కువున్న తిండి పెట్టొద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023లో చెప్పింది. వాళ్లకు జంగిల్ థీమ్ కేకు తెలియదు పాపం. రెండో కేకు పిల్లవాడు చేతుల్తో చిదమడానికట. ఆ సమయానికి పదిన్నర, వాడు ముత్తవ్వ భుజం మీద నిద్రపోతున్నాడు.

"లేపండి, స్మాష్ ఒక్కటే మిగిలింది" అన్నాడు ఫోటోగ్రాఫరు.

ముత్తవ్వ కొంగు కప్పి కదల్లేదు. "పోరడు పండుకున్నడు. నువ్వు చిదుముకో" అంది.

మా మేనల్లుడు కాసేపు నిలబడి, వచ్చే ఆదివారం హాలు ఖాళీ ఉందేమో కనుక్కోవడానికి ఫోను తీశాడు.