రెడ్ మీదే అందరికీ అనుమానం

అంతరిక్షంలో ఒక ఓడ. అందులో పదిమంది. ఒకరికొకరు ముక్కూ మొహం తెలియదు. తెలుసుకుందామన్నా ఆ బొమ్మలకు ముక్కూ మొహం లేవు. ఉన్నదల్లా ఒంటికో రంగు, నెత్తికో హెల్మెట్టు, వీపుకో సంచి. పదిమందిలో ఒకరి నుంచి ముగ్గురి దాకా హంతకులు. వాళ్లెవరో కనిపెట్టి, ఓట్లేసి, ఓడ బయటికి గెంటాలి. ఇదీ ‘అమాంగ్ అస్’. తెలిసినవాళ్లు కలిసి ఆడుకుంటే ఇది బుర్రకు పదును పెట్టే ఆట. అదే ఊరూ పేరూ తెలియనివాళ్లుండే పబ్లిక్ లాబీలోకి వెళ్తే మాత్రం ఆట పేరు అదే, తీరు వేరు. అక్కడ దొంగకు తెలివి అక్కర్లేదు, కాస్త ఓపిక ఉంటే చాలు. మిగతా పని మంచివాళ్లే పూర్తిచేసి పెడతారు.

2018 జూన్‌లో దీన్ని ఫోన్లలోకి వదిలిన ఇన్నర్‌స్లోత్ అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రంలో, రెడ్‌మండ్‌లో ఉన్న చిన్న సంస్థ. చిన్నదంటే మరీ చిన్నది, అప్పట్లో ముగ్గురు మనుషులు. మొదట్లో ఒకే వైఫై కింద ఉన్నవాళ్లు మాత్రమే కలిసి ఆడగలిగేవారు. దేశదేశాల అపరిచితులతో తిట్టించుకునే యోగం ఆ తర్వాత పట్టింది. రెండేళ్లపాటు ఈ ఆటను పట్టించుకున్న నాథుడు లేడు. 2020లో లోకమంతా ఇళ్లలో బందీ అయ్యాక, ట్విచ్‌లో ఆడి చూపించే స్ట్రీమర్ల కంటపడి ఒక్కసారిగా అంటుకుంది. ఆ సెప్టెంబరులో కంప్యూటర్ ఆటలమ్మే స్టీమ్ ఒక్కదానిలోనే ఒకే సమయంలో 4 లక్షల మందికి పైగా ఆడారు. రెండో భాగం తెస్తామని ఆగస్టులో ప్రకటించిన సంస్థ, సెప్టెంబరు వచ్చేసరికి ఆ మాట వెనక్కి తీసుకుని ఉన్న ఆటకే మరమ్మతులు మొదలుపెట్టింది.

మన దేశంలో అదే నెల 2న కేంద్రం 118 యాప్‌లను నిషేధించింది. అందులో తుపాకుల ఆట పబ్జీ మొబైల్ ఒకటి. రాత్రికి రాత్రి ఎందరో పిల్లల చేతుల్లోంచి తుపాకులు జారిపోయాయి. ఖాళీ అయిన ఆ చేతుల్లో రెండు ఈ వ్యాసకర్త మేనల్లుడివి.

“మావయ్యా, ఊరికే కూర్చున్నావుగా, పబ్లిక్ లాబీలోకి రా. కాస్త లోకజ్ఞానం వస్తుంది” అన్నాడు, ఇంటర్ చదువుతున్న ఆ లోకజ్ఞాని.

మొదటి అడ్డంకి పేరు దగ్గరే. ఇంగ్లీషులో రాసుకుంటే పేరుకు పది అక్షరాలే పడతాయి. వెంకట సుబ్రహ్మణ్యం లాంటి నిండైన పేరు ‘వెంకట సు’ దగ్గర ఊపిరి ఆగి నిలబడిపోతుంది. ఇక ఇంటిపేరు సంగతి ఎత్తనక్కర్లేదు. అనుభవజ్ఞులు ఈ పది అక్షరాలతోనే తోటివాళ్ల ప్రాణాలు తీస్తారు. ఒకడు ‘హూ’ అని పెట్టుకుంటాడు. శవం దొరికాక ఎవరో ‘హూ’ అని టైపు చేస్తే అది ప్రశ్నా, సాక్ష్యమా? ఇంకొకడు ‘స్కిప్’ అని పెట్టుకుంటాడు. ఈసారికి ఎవరినీ గెంటొద్దు అనే ఉద్దేశంతో ఓ అమాయకుడు ‘స్కిప్‌కు వెయ్యండి’ అంటే సగం ఓట్లు వెళ్లి వాడి మీద పడతాయి.

ఆ తర్వాత నిరీక్షణ. లాబీకి యజమాని హోస్ట్. వాడి దయ ఉంటే ఆట, లేకపోతే కిక్. ఆట ఎప్పుడు మొదలవ్వాలో, ఎంత వేగంగా పరుగెత్తాలో, కంటిచూపు ఎంత దూరం ఆనాలో అన్నీ అతగాడి చేతిలోనే ఉంటాయి. కొందరు హోస్టులు నడక వేగాన్ని మూడింతలు చేస్తారు. అప్పుడు తలుపులో దూరుదామనుకున్నవాడు పక్క గది గోడకు తేలుతాడు. లాబీలో మిగిలినవాళ్లంతా ‘స్టార్ట్’, ‘స్టార్ట్ చెయ్’, ‘బాబ్బాబు స్టార్ట్’ అని జపం మొదలుపెడతారు. హోస్ట్ మాత్రం టోపీలు మార్చుకుంటూ ఉంటాడు. నెత్తిన మొక్క పెట్టుకోవాలా, కోడిగుడ్డు పెట్టుకోవాలా అన్నది తేలే లోపు ముగ్గురు విసిగి వెళ్లిపోతారు, నలుగురు వచ్చి చేరతారు, మళ్లీ జపం మొదటికొస్తుంది.

ఎట్టకేలకు మొదలైతే, నోటి మీద వేలు పెట్టుకుని ‘ష్’ అంటున్న బొమ్మ తెరమీద కనిపిస్తుంది. మాట్లాడకండి, రహస్యం, అని దాని భావం. వెంటనే తాము మంచివాళ్లో, ఇంపోస్టర్లో (అంటే ఆ దొంగలో) ఎవరి తెర మీద వాళ్లకు తెలుస్తుంది. పబ్లిక్ లాబీ అసలు స్వరూపం బయటపడేది ఆ క్షణంలోనే. ఇంపోస్టర్ కానని తెలిసిన మరుక్షణం ఒకడు ఆట వదిలి పారిపోతాడు. వాడి వెనకే ఇంకొకడు. హత్యలు చేద్దామని ఆశపడి వస్తే తీగలు కలిపే ఉద్యోగం ఇచ్చారని అలక. అలా పదిమందితో బయల్దేరిన ఓడలో ఇంకా ఎవరూ చావకుండానే ఎనిమిదిమంది మిగులుతారు.

మిగిలినవాళ్లకు పనులుంటాయి. కంట్రోల్ గదిలాంటి అడ్మిన్‌లో కార్డు గీకాలి. గీకితే ‘మరీ వేగం’ అంటుంది, నెమ్మదిగా గీకితే ‘మరీ నెమ్మది’ అంటుంది. కరెంటు గదిలో తీగలు కలపాలి, చెత్త పారబొయ్యాలి, ఉల్కల్ని కాల్చాలి. అందరి పనులూ పూర్తయితే మంచివాళ్లు గెలిచినట్టే. కానీ పబ్లిక్ లాబీలో పని చేసుకునేవాడంటేనే అనుమానం. “కరెంటు గదిలో ఒంటరిగా ఏం చేస్తున్నావ్?” “తీగలు కలుపుతున్నాను.” “దొంగలంతా అదే మాట చెప్తారు.”

ఈలోగా ఎవడో మీట నొక్కి ఎమర్జెన్సీ మీటింగు పెడతాడు. అందరూ గుండెలు చిక్కబట్టుకుని చూస్తే వాడు ‘హాయ్’ అంటాడు. కొన్నిసార్లు ‘బోర్’ అంటాడు. దానికి శిక్షగా వాణ్నే గెంటేసే లాబీలు ఉన్నాయి. ఎవరు ‘హాయ్’ అన్నారో చూడకుండా రెడ్‌ను గెంటేసే లాబీలే ఎక్కువ. తెలుగునాట ఎరుపు మీద అనుమానం పోలీసులకు కొత్త కాదు గానీ, ఇంటర్నెట్‌కు ఎందుకు పట్టుకుందో మరి, ‘రెడ్ సస్’ (రెడ్ మీదే అనుమానం) అన్న రెండు మాటలు ఆ ఏడాది ప్రపంచమంతా తిరిగాయి. సాక్ష్యం అడిగితే రంగే సాక్ష్యం. మేనల్లుడు మొదటి రోజే హెచ్చరించాడు: “ఏ రంగైనా తీస్కో మావయ్యా, రెడ్ ఒక్కటి వద్దు. తప్పు చెయ్యకపోయినా పోతావ్.”

ఇక శవం దొరికితే విచారణ. శవాన్ని చూసి రిపోర్ట్ చేసినవాడే మొదటి ముద్దాయి. ‘నువ్వే చంపి నువ్వే రిపోర్ట్ చేశావ్’ అన్న అభియోగానికి ఇంతవరకు ఎవరూ సరైన జవాబు కనిపెట్టలేదు. రెండో ముద్దాయి ఎక్కువ మాట్లాడినవాడు. మూడో ముద్దాయి అసలు మాట్లాడనివాడు. ‘ఎక్కడ?’ అని ఐదుగురు అడుగుతారు. జవాబు వచ్చాక మళ్లీ ఇద్దరు ‘ఎక్కడ?’ అంటారు. నీలిరంగువాడు ‘పింక్‌కు వెయ్యండి, పింక్ కాకపోతే నాకు వెయ్యండి’ అని ప్రతిజ్ఞ చేస్తాడు. ఓట్లు పింక్ మీద పడతాయి. పింక్ దొంగ కాదని తెరమీద పడుతుంది. అప్పుడు నీలిరంగువాడు తన మాట మీద నిలబడతాడనుకుంటే పొరపాటు. ఆట వదిలి పోతాడు.

నిర్దోషినని నిరూపించుకునే దారి ఆటలో ఒకటి ఉంది. మెడ్‌బే అనే వైద్యశాలలో స్కానర్ మీద నిలబడితే ఒంటి చుట్టూ ఆకుపచ్చ కాంతి తిరుగుతుంది. హోస్ట్ ఆ కాంతి కనిపించేలా ఆట పెట్టి ఉంటే ఇంపోస్టర్‌కు అది రాదు. ఓ రోజు ఈ వ్యాసకర్త పసుపురంగు ఆసామిని వెంటబెట్టుకుని వెళ్లి, అతని కళ్లముందే స్కానింగ్ చేయించుకుని, శీలపరీక్ష నెగ్గిన ధీమాతో నడుస్తుండగా మీటింగు గంట మోగింది.

“నేను స్కాన్ అయ్యాను” అని టైపు చేశాడు వ్యాసకర్త.

“ఎవరు చూశారు?”

“పసుపు చూశాడు.”

“చచ్చింది పసుపే.”

“అదే చెప్తున్నా, అతనికి తెలుసు.”

“సాక్షిని చంపేశావన్నమాట.”

ఆరు ఓట్లు పడ్డాయి. వ్యాసకర్త బొమ్మ నల్లటి ఆకాశంలో గిరగిరా తిరుగుతూ పోయింది. ఆ ఆరింటిలో ఒకటి పక్క గదిలో ఉన్న మేనల్లుడిది. “నాకు తెలుసు నువ్వు కాదని. కానీ అందరూ నీకేస్తుంటే నేనొక్కణ్నే వెయ్యకపోతే నన్ను అనుమానిస్తారు కదా మావయ్యా” అని తర్వాత వివరించాడు. వాడు దొంగ కూడా కాదు.

ఇక్కడ లెక్క ఒకటి చూడాలి. పదిమందిలో ఇద్దరు దొంగలైతే మంచివాళ్లు ఎనిమిదిమంది. బతికున్న మంచివాళ్ల సంఖ్య దొంగల సంఖ్యకు దిగితే దొంగలు గెలిచినట్టే. అంటే ఆరుగురు పోవాలి. ఒకసారి చంపిన దొంగ మళ్లీ చంపాలంటే హోస్ట్ పెట్టిన గడువు, 10 నుంచి 60 సెకన్ల వరకు ఎంతైతే అంత, ఆగాలి. అందుకే అదంత సులువు కాకూడదు. కానీ పబ్లిక్ లాబీలో ఇద్దరు ముందే అలిగి పోతారు. మరో ఇద్దర్ని మంచివాళ్లే ఓట్లేసి గెంటుతారు. దొంగలు తలా ఒక్క హత్య చేస్తే సరిపోతుంది. అంటే అక్కడ ఇంపోస్టర్ కొలువు పార్ట్‌టైం.

చచ్చినవాళ్లు దెయ్యాలవుతారు. గోడల్లోంచి దూరిపోవచ్చు, మిగిలిన పనులు చేసుకోవచ్చు, తోటి దెయ్యాలతో మాట్లాడుకోవచ్చు. బతికున్నవాళ్లకు మాత్రం ఒక్క ముక్క చేరదు. పబ్లిక్ లాబీ మొత్తంలో విజ్ఞత కనిపించే చోటు ఇదొక్కటే. హంతకుడెవరో అందరికీ తెలుసు కనుక వాదన లేదు, తొందర లేదు. తనను చంపినవాడు మీటింగులో ‘ఆకుపచ్చే చంపాడు, నేను చూశాను’ అంటుంటే, వాణ్ని నలుగురు నమ్ముతుంటే, నిమ్మపండు రంగు దెయ్యం ‘అయ్యో ఆకుపచ్చ’ అంటుంది. కాసేపటికి ఆకుపచ్చ వచ్చి చేరుతుంది. ‘రండి రండి’ అంటారు దెయ్యాలు.

ఈ జాతి ఆటలకు మూలపురుషుడు దిమిత్రి దవిదోఫ్. 1980ల నడుమ మాస్కో స్టేట్ యూనివర్సిటీలో మనస్తత్వశాస్త్రం చదువుతూ ‘మాఫియా’ అనే ఆట కట్టాడు. విషయం తెలిసిన కొద్దిమంది ఒకవైపు, ఏమీ తెలియని చాలామంది ఒకవైపు. ఇన్నర్‌స్లోత్ వారు తీసుకున్న బీజం అదే. మన ఇళ్లల్లో చీటీలు చుట్టి ఆడుకునే రాముడూ సీతా ఆటలోనూ దాదాపు ఇదే కిటుకు: రాముడి చీటీ వచ్చినవాడు సీత ఎవరి దగ్గరుందో మొహాలు చూసి చెప్పాలి, తప్పితే మార్కులు పోతాయి. సీత చీటీ వచ్చినవాడికి నవ్వు ఆగదు కనుక రాముడి పని తేలిక. లాబీలో ఆ నవ్వు కనిపించదు, ‘నేను కాదు’ అన్న అక్షరాలే కనిపిస్తాయి.

మొహం కనిపించినా ఒరిగేది పెద్దగా లేదని శాస్త్రవేత్తలంటారు. 2006లో చార్లెస్ బాండ్, బెల్లా డిపౌలో అబద్ధాలు పట్టుకోవడం మీద అంతవరకు వచ్చిన పరిశోధనలన్నీ కలిపి చూశారు. 24 వేలమందికి పైగా మనుషుల తీర్పులవి. సరైన తీర్పు సగటున నూటికి 54. నాణెం ఎగరేస్తే 50 వస్తుంది కనుక, మానవజాతి అనుమానశక్తి విలువ నాలుగు మార్కులు. ఆ తర్వాత 2008లో ముగ్గురు పరిశోధకులు మాఫియా ఆట మీదే పెద్ద పత్రం రాశారు. డిటెక్టివులు లేని ఆటలో రెండు పక్షాలకూ సమాన అవకాశాలు ఉండాలంటే దొంగల సంఖ్య మొత్తం జనం సంఖ్యకు వర్గమూలం స్థాయిలో ఉండాలని తేల్చారు. వారి నమూనాలో జనం గుడ్డిగా ఒకర్ని ఎంచుకుని గెంటడమే పద్ధతి. ఈ సంగతి విన్న మేనల్లుడు ఎంతో సంతోషించాడు. “చూశావా మావయ్యా, లెక్కల ప్రకారమే గెంటాం నిన్ను.” ఆ నమూనాలో స్కానర్ లేదని చెప్పబోతే వినలేదు.

తెలిసినవాళ్ల మధ్య ఇదే ఆట ఎంత మర్యాదగా సాగుతుందో 2020 అక్టోబరు 20న లోకం చూసింది. అమెరికా కాంగ్రెస్ సభ్యురాళ్లు అలెగ్జాండ్రియా ఒకాసియో-కోర్టెజ్, ఇల్హాన్ ఒమర్ ఎన్నికల్లో ఓటెయ్యమని యువతకు చెప్పడానికి పేరున్న స్ట్రీమర్లతో కలిసి ట్విచ్‌లో ఆడారు. ఒక దశలో 4 లక్షలమందికి పైగా చూశారు. గొంతులు వినపడుతున్నాయి, తడబాట్లు తెలుస్తున్నాయి, ఎవరి మాటా పూర్తికాకుండా ఎవరూ ఓటెయ్యడం లేదు. పబ్లిక్ లాబీలో చట్టసభ సభ్యులెవరైనా అలా మాట పూర్తిచెయ్యాలని చూసి ఉంటే మొదటి మీటింగులోనే ఆకాశంలో తిరుగుతూ ఉండేవారు.

అదే వారంలో ఎవరో ఆకతాయి ఎన్నో ఆటల్లోకి చొరబడి చాట్ నిండా ప్రచారపు రాతలు గుమ్మరించాడు. ఇన్నర్‌స్లోత్ వారు సర్వర్లు సరిచేస్తూ, ఈలోగా తెలిసినవాళ్లతో ప్రైవేటుగానే ఆడుకోమని సలహా ఇచ్చారు. తయారుచేసినవాళ్లే పబ్లిక్ లాబీ వైపు పోవద్దన్నారు. జనం పోయారు.

తర్వాత సంస్థ చాలా తంటాలు పడింది. 2021లో క్విక్ చాట్ తెచ్చింది. టైపు చెయ్యకుండా, ముందే తయారుచేసి పెట్టిన వాక్యాల్లోంచి ఏరుకోవాలి. పదమూడేళ్ల లోపు పిల్లలకు మామూలుగా ఇదే గతి. దాంతో ఓ చిత్రం జరిగింది: లాబీలో ‘ఎవరు ఎక్కడున్నారు’ అని పద్ధతిగా మాట్లాడేది పిల్లలు, ‘నువ్వు, నీ మొహం’ అనేది పెద్దలు. అదే ఏడాది జూన్‌లో ఆటగాళ్ల పరిమితిని 10 నుంచి 15కు పెంచారు, కొత్త రంగులు కలిపారు. ఇప్పుడు రెడ్‌కు తోడు అనుమానించడానికి మరో పద్నాలుగుమంది ఉన్నా, మొదట రెడ్‌నే అనుమానిస్తారు. నవంబరులో కొత్త పాత్రలు వచ్చాయి. వాటిలో ఇంకొకరి రూపం ధరించగల షేప్‌షిఫ్టర్ ఒకడు. ‘నేను కళ్లారా చూశాను’ అన్న ఒకే ఒక్క సాక్ష్యం కూడా ఆ రోజుతో చెల్లకుండా పోయింది.

2022 డిసెంబరులో వచ్చిన దాగుడుమూతల పద్ధతిలో మీటింగులు లేవు, ఓట్లు లేవు, చర్చ అసలే లేదు. దొంగ ఎవరో మొదటి క్షణంలోనే అందరికీ తెలిసిపోతుంది. మిగతావాళ్లు పనులు చేసుకుంటూ గడియారం ఆగేదాకా పారిపోతూ ఉండాలి, అంతే. వ్యాసకర్తకు ప్రాణం లేచొచ్చింది. మేనల్లుడికి కూడా నచ్చింది. కాకపోతే దొంగ పదవి తనకు రాలేదని తెలిసిన ప్రతిసారీ ఆట మొదలవ్వకముందే ఫోను పక్కన పెట్టి “మావయ్యా, నెట్ పోయింది” అంటాడు.