ఆర్డరు 9, రూలు 8 వారికి ఒక వాది విన్నపం

మహారాజశ్రీ 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, ఆర్డరు 9, రూలు 8 వారి దివ్యసముఖానికి,

పోయిన వాయిదాకి మా గట్టు దావాను తమరి పేరు చెప్పి కొట్టేశారు. డఫేదారు వరండాలోకొచ్చి మూడు కేకలు వేశాడట. వకీలు గారు పక్క కోర్టులో వాదనలో ఉన్నారు. నేనేమో ఆయన తెమ్మన్న అడంగల్ జిరాక్సు కోసం గేటు బయట నిలబడ్డాను. ప్రతివాది మాత్రం దర్జాగా లోపలున్నాడు.

అదే నా కొంప ముంచింది. ఆయనా రాకపోయి ఉంటే నన్ను మీ అన్నగారు రూలు 3 చూసుకునేవారు. ఆయన కొట్టేసినా, కాలపరిమితి మిగిలుంటే మళ్లీ కొత్త దావా వేసుకోమని రూలు 4 దారి చూపిస్తుంది. మీ చేతిలో పడితే మాత్రం మీ తమ్ముడు రూలు 9 అదే తగాదా మీద కొత్త దావా కుదరదంటాడు. అంటే కోర్టుకు రాలేని వాది దేవుడికి దణ్ణం పెట్టుకుని కోరాల్సింది ఒక్కటే: అవతలివాడికీ ఆ రోజు బస్సు దొరకకూడదని! అవతలివాడు వచ్చి, నా వాదన నిజమేనని ఒప్పుకుంటే ఆ మేరకు డిక్రీ ఇమ్మని కూడా తమరు సెలవిచ్చారు. అలా ఒప్పుకునేవాడైతే గట్టు దగ్గరే ఒప్పుకునేవాడు కదండీ.

దావాను తిరిగి నిలబెట్టుకోవాలంటే 30 రోజుల్లో పిటిషన్ వేసి, రాకపోవడానికి తగిన కారణం చూపాలి. గడువు దాటితే ఆలస్యం మన్నించమని ఇంకోటి. ఆ పిటిషన్లు పిలిచినప్పుడూ నేను జిరాక్సు దగ్గరుంటే, వాటినీ కొట్టేస్తారు. వకీలు చేసిన తప్పుకు అమాయక కక్షిదారు నష్టపోకూడదని సుప్రీంకోర్టు 1981లో రఫీక్ కేసులో అంది. మా వకీలు గారికి ఆ తీర్పు కంఠతా వచ్చు.

తమరు అసలు వద్దని నేననను. ప్రతివాది కూడా కూలి మానుకునే వస్తాడు. దావా వేసి ముఖం చాటేసే వాదులు ఊరికొకరున్నారు. వాళ్లను తమరే కట్టడి చేయాలి.

కానీ జడ్జిగారు సెలవులో ఉన్న రోజులున్నాయి, బదిలీ అయి కొత్తవారు రాని నెలలున్నాయి, వకీళ్లు విధులు బహిష్కరించిన రోజులున్నాయి. అప్పుడు మేం వెళ్లాం. బెంచి గుమాస్తా తల ఎత్తకుండానే వచ్చే తేదీ చెప్పాడు. కోర్టు గైర్హాజరైందని ఎవరూ కేక వేయలేదు. మేం వచ్చినట్టు ఎవరూ రాసుకోలేదు. తమరి పుస్తకంలో రాని రోజుకే ఖాతా ఉంది.

కాబట్టి ఆ రోజుల్లో వచ్చిన కక్షిదారుకు హాజరు వేయించి, రాలేకపోయిన రోజుకు జమ కట్టించే ఉపనిబంధన ఒకటి దయచేయించండి. ప్రతివాదిని కూడా అడిగాను. ఆయనకు అభ్యంతరం లేదు. ఆయన ఖాతాలోనూ అన్ని రోజులే ఉన్నాయట.

ఇట్లు,
పిలిచినప్పుడు పలకని వాది