దిక్కు చూశాం, మట్టం చూడలేదు

తిరుపతి బైరాగిపట్టెడలో మా ఎదురింటాయన వాషింగ్ మెషీన్ కొన్నాడు. పెట్టె విప్పకముందే సిద్ధాంతికి కబురెళ్లింది. 'వాయవ్యంలో పెట్టు సామీ, తిరుగుండదు' అన్నాడాయన. వాయవ్యంలో ఉన్నది బాల్కనీ. అక్కడ కొళాయి లేదు, ప్లగ్గు లేదు. నీళ్లు బాత్రూమ్ నుంచి, కరెంటు టీవీ వెనక నుంచి ఎక్స్‌టెన్షన్ బాక్సుతో లాక్కొచ్చారు.

బాల్కనీ అన్నాక వాననీళ్లు పోవడానికి మేస్త్రి నేలకు వాటం ఇస్తాడు. దానిమీద డెబ్బై కిలోల ఫ్రంట్ లోడ్ మెషీన్! రవాణాలో డ్రమ్ము ఊగకుండా వెనక బిగించే బోల్టులు ఇంట్లో విప్పేయాలి. 'కంపెనీవోళ్లు బిగించింది మనమెందుకు ఇప్పేది' అని ఉంచేశారు.

నిమిషానికి 1200 చుట్లు అందుకోగానే మెషీన్ నడక మొదలెట్టింది. అలిపిరి నుంచి 3,550 మెట్లెక్కడానికి మనకు గంటలు పడుతుంది. అది మొక్కు లేకుండానే అరనిమిషంలో గడప దగ్గరికొచ్చింది. పైపు ఊడి హాలంతా పుష్కరిణి. సిద్ధాంతికి ఫోన్ చేస్తే, 'దిక్కులో దోషం లేదు, కరెంటు ఆగ్నేయం నుంచి రావాల' అన్నాడు.

దానికి దిగుల్లేదు. మెషీన్ లోపలి వేడినీళ్ల హీటరుకు 2000 వాట్లు కావాలంటే తొమ్మిది ఆంపియర్ల దాకా లాగుతుంది. ఆరు ఆంపియర్ల బాక్సుకు తగిలిస్తే, ఆ బాక్సున్న మూలే ఆగ్నేయమవుతుంది. గోడకు 16 ఆంపియర్ల ప్లగ్గు, మీటరు పక్కన షాక్ కొట్టకుండా కాపాడే ఆర్‌సీసీబీ, పనిచేసే ఎర్తింగు ఉండాలని ఏ పంచాంగంలోనూ రాయరు కదా. మన ఎండలకు ఎర్తు గుంత ఎండిపోతుంది. వేసవిలో దానికి రెండు బకెట్ల నీళ్లు పోసేవాళ్లు మా వీధిలో నాకు కనబడలేదు.

మన జిల్లా శ్రీసిటీలోనే 5,000 కోట్లతో ఎల్జీ ఫ్యాక్టరీకి 2025 మేలో శంకుస్థాపన జరిగింది. మెషీన్లు ఇంటి పక్కనే తయారవుతాయి. రసమట్టం మాత్రం ఇంకా మేస్త్రి సంచిలోనే ఉంది.

చివరికి ఆ మేస్త్రే వచ్చాడు. బోల్టులు విప్పించి, మెషీన్ మీద రసమట్టం పెట్టి, నాలుగు కాళ్లూ తిప్పి, లాక్‌నట్లు బిగించాడు. పది నిమిషాల పని, ఓ టీ ఖర్చు. అంతకుముందు ఎదురింటాయన ఓ కాలి కింద ఈ పేపరే మడిచి పెట్టాడు. కాలమ్ ఉన్న పేజీయే. అయ్యా, మా పేపరు నాలుగు మడతలు వేసినా డెబ్బై కిలోలు మోయలేదు, బోండాలు కట్టుకోండి.