దారులు దిద్దువాడు

ప్రతి కాలమునకును ఆ కాలపు చిక్కుల నాశ్రయించి బ్రతుకు ప్రజ్ఞావంతులు కొందరు పుట్టుచుందురు. న్యాయస్థానముల వెంట దస్తావేజు లేఖకులును, గడియారముల వెంట వానిని బాగుచేయువారును, సంబంధముల వెంట పెండ్లిండ్ల పేరయ్యలును పుట్టిరి. అట్లే, ఒక కంప్యూటరుపై చక్కగా నడచిన ప్రోగ్రాము మరియొక కంప్యూటరునకు తరలింపగానే కాలు కదపక మొండికేయుట యారంభమైన నాడు మన కథానాయకుడును అవతరించెను. ఇట్టివారు హైదరాబాదునను బెంగుళూరునను వీధి కొకరు చొప్పున నుండుటలో వింత లేదు. మారేడుమిల్లి ఘాటు దిగివచ్చు బాటయు, భద్రాచలపు బాటయు, ఛత్తీస్‌గఢ్‌లోని కుంటకు పోవు బాటయు, ఒడిశాలోని మోటుకు పోవు బాటయు కలిసికొను చింతూరులో సైతము ఒకడు వెలసియుండుటయే వింత. ఇంజనీరింగు ముగించి, నగరమున ఉద్యోగము సంపాదించి, 2020 నాటి మహమ్మారి వేళ ఇంటినుండియే పనిచేయు వరమును పొంది, ఆ వరమునకు గడువు తీరినను మరల పోవుటకు మనసొప్పక స్వగ్రామమున నిలిచిపోయిన యువకుడితడు. చిన్నవారితనిని ‘పాత్ అన్న’ యందురు. పెద్దవారు ‘లాప్‌టాప్ అబ్బాయి’ యందురు. తల్లిదండ్రులు పెట్టిన పేరు ఆధార్ కార్డులో భద్రముగా నున్నది.

ఇతడు తానై యొక ప్రోగ్రామును మొదలిడి ముగించెనని సాక్ష్యము చెప్పగలవారెవ్వరును లేరు. ఒకరు వ్రాసినదానిని మరియొకచోట నడిపించుటయే ఇతని విద్య, వినోదము, వ్యసనము. డాబాపై సిగ్నలు దొరకు ఈశాన్యపు మూలయే ఇతని కార్యస్థానము. అచ్చట ప్లాస్టిక్ కుర్చీపై కాళ్లు ముడిచి కూర్చుండి, చల్లారిన టీ గ్లాసు పక్కన పెట్టుకొని, తెరపై ఎఱ్ఱని అక్షరములు బారులు తీరిన కొలదిని ముఖమున ప్రసన్నత పెంచుకొనుచుండును. తప్పు ఎంత పెద్దదైన అంత సంతోషించును. ఎవడేని వచ్చి తన ప్రోగ్రాము నడుచుట లేదని మొరపెట్టుకొన్నచో, అది యేమి చేయును, ఎవరికొరకు వ్రాసితివి, ఎంతకాలము పట్టినది అను మాటలు ఇతని నోట రావు. “ఎక్కడి నుంచి ఎక్కడికి మార్చావు?” అనునదొక్కటియే ప్రశ్న. విండోసు నుండి లినక్సునకు అని జవాబు వచ్చెనా, కనురెప్పలు సగము మూసి, నాడి చిక్కినదన్నట్లు తలపంకించును.

ఈ వ్యాధి వృత్తాంతమును ఇతడు అడిగినవారికిని అడుగనివారికిని సమానముగా వినిపించును. 1969 ప్రాంతమున బెల్ ప్రయోగశాలలలో మొలకెత్తిన యూనిక్స్, ఒక ఫోల్డరు పేరునకును దానిలోపలి ఫోల్డరు పేరునకును నడుమ ముందుకు వాలిన గీతను నిలిపెను. 1981లో వచ్చిన ఎమ్మెస్ డాస్ తొలి రూపమునకు లోపలి ఫోల్డర్లే లేవు. అది ఆ గీతను కమాండుల వెనుక ఐచ్ఛికములు తగిలించు పనికి వాడుకొనెను. 1983లో రెండవ రూపమున ఫోల్డర్లు ప్రవేశించునప్పటికి ఆ గీత వేరు కొలువులో నుండుటచే, వెనుకకు వాలిన గీతను పిలిచి పని యప్పగించిరి. నాటి సర్దుబాటును విండోస్ నేటికిని మోయుచున్నది; లినక్స్ యూనిక్స్ సంప్రదాయమును వీడలేదు. అంతటితో పోయెనా? ‘పాత్’ అను దారుల జాబితాలో ఒకదానినుండి మరియొకదానిని వేరుచేయుటకు లినక్స్ కోలనును పెట్టును. విండోసులో సీ డ్రైవు పేరు వెంట కోలను ముందే పీట వేసికొని యుండుటచే అది సెమికోలనును పెట్టును. ఇంగ్లీషు పెద్దక్షరము చిన్నక్షరము మారినంత మాత్రమున విండోస్ పట్టించుకొనదు. లినక్స్ మాత్రము వానిని రెండు వేర్వేరు ఫైళ్లుగా నెంచును. “గీత అటు వాలిందా ఇటు వాలిందా అని నలభై ఏళ్లుగా మనుషులు నిద్ర మానుకుంటున్నారు, మావయ్యా!” అని ఇతడనును. నిద్ర మానుకొన్నవారిలో తానగ్రగణ్యుడనని దానికి తాత్పర్యము.

విండోస్ 10కు 2025 అక్టోబరు 14తో ఉచిత సంరక్షణ ముగిసిన నాటినుండి ఇతని డాబాకు గిరాకి పెరిగినది. విండోస్ 11ను మోయలేని పాత లాప్‌టాపులు గలవారు కొందరు ధైర్యము చేసి లినక్స్ ఎక్కించుకొనిరి. అట్టివారిలో డిప్లొమా చదువు కుర్రవాడొకడు, సంతలో మేనమామ కొను చింతపండునకును కుంకుడుకాయలకును లెక్కలు వేయు ఆండ్రాయిడ్ యాప్‌ను వ్రాసి, పెన్‌డ్రైవులో కొత్త సంసారమునకు తరలించి, అది యచ్చట ఉలుకక పలుకక యుండుటచే కన్నీటి పర్యంతమై వచ్చెను. తెరపై ‘ఎస్‌డీకే లొకేషన్ నాట్ ఫౌండ్’ అని యున్నది. అనగా పనిముట్ల పెట్టె యెక్కడ నున్నదో తెలియలేదని భావము. మనవాడు మందహాసము చేసి, ‘లోకల్ డాట్ ప్రాపర్టీస్’ అను చిన్న ఫైలును తెరచెను. అందులో దారి సీ డ్రైవుతో మొదలై, కుర్రవాని పాత యూజరు పేరు మీదుగా, వెనుకకు వాలిన గీతలు జంటజంటలుగా వెంటరాగా పోయియున్నది. ఆ రకపు ఫైలులో వెనుకగీత ఒంటరిగా నిలిచిన దానికి వేరర్థము వచ్చును గనుక జంట తప్పదు. లినక్సులో సీ డ్రైవే లేదు; ఇక దారి యెక్కడిది? అంతకన్న తమాషా యేమనగా, ఈ ఫైలును ఉమ్మడి భాండారమున చేర్చరాదని ఆ ఫైలు నుదుటనే వ్రాసియుండును. మనవాడు ఆ వాక్యమును పురాణ పఠనము చేయు ఫక్కిలో మూడుమారులు చదివి, ఫైలును తొలగించి, ఆండ్రాయిడ్ స్టూడియోను మరల తెరచి, కొత్త యంత్రపు దారితో కొత్త ఫైలును పుట్టించెను.

కుర్రవాడు లేవబోయెను. “కూర్చో, ఇంకా ఉంది” అనెను మనవాడు. ఉన్నమాట నిజమే. యాప్‌ను కూర్చు గ్రేడిల్‌ను నడుపు ఫైలు ‘పర్మిషన్ డినైడ్’ అనెను. ఫైలును పనిగా నడుపవచ్చునను లినక్స్ అనుమతి గుర్తు విండోసునకు తెలియనిది గనుక దారిలో రాలిపోయినది. ఒక కమాండుతో దానిని మరల తగిలించెను. పిమ్మట కుర్రవాడు నోట్‌ప్యాడులో వ్రాసికొన్న స్క్రిప్టు, తన్ను నడుపవలసిన బాష్ ఎదుటనే యున్నను లేదని బొంకెను. విండోస్ ప్రతి పంక్తి చివరను రెండు అదృశ్య చిహ్నములు పెట్టును, లినక్స్ ఒకటియే పెట్టును. పూర్వపు టెలిప్రింటరులో బండిని మొదటికి తోయుట కొకటి, కాగితమును పైకి జరుపుట కొకటి యుండెడివి. ఆ మొదటిది బాష్ పేరునకు తోకవలె నంటుకొని, అట్టి పేరుగలవాడు ఊరిలోనే లేడనిపించినది. తోక కోసిన పిమ్మట స్క్రిప్టు కదలెను. అది యాప్‌కు తోడుగా కుర్రవాడు పెట్టుకొన్న వెబ్‌పేజీని తెరచినది. అందు చింతకాయ బొమ్మ లేదు. ఫైలు పేరు పెద్దక్షరముతో, పిలుపు చిన్నక్షరముతో! తెల్లవారుజామున అదియు కుదిరినది. ఇంత జరిగినను ఆ యాప్ తూకమును సరిగా లెక్కవేయునో లేదో మనవాడు చూడలేదు. అది ఆతని శాఖ కాదు.

విద్య ముదిరి నైజమైనపుడు ఇల్లు దానికి గురియగుట సహజము. సున్నములు వేయించుటకై వంటసామాను వెనుకగదికి మార్చిన వారమున, తల్లి దొడ్డిలోనుండి కేకవేసి చింతపండు తెమ్మనెను.

“ఎక్కడుందమ్మా?”

“పొయ్యి పక్కన మూడో అరలో రా, నాయనా.”

“పాత వంటింట్లో అదీ. ఇక్కడ అరలే లేవు. ఇల్లు మారినా పనికొచ్చే దారి చెప్పాలమ్మా!”

“సరే, కనబడ్డ డబ్బాల్లో వెతుకు.”

వరుసగా వెతుకుమనుట ఇతనికి పరమానందము. కంప్యూటరును పాత్‌లోని చోట్లను వరుసగా వెదకి, మొదట దొరికినదానినే తీసికొనును. వెనుక ఎంత మేలైనది యున్నను చూడదు. అందుచేతనే ఒకే యంత్రమున రెండు జావాలు, మూడు పైథాన్లు గలవారు కొత్తదానిని ఎక్కించియు పాతదానితోడనే కాపురము చేయుచుందురు. మనవాడును ఆ ధర్మమునే పాటించి మొదటి డబ్బా తెచ్చెను. అది రెండేండ్ల నాటి నల్లచింతపండు. పప్పు మసిరంగు తేలినది. “రెండో డబ్బా మూత తీయడానికి చేతులు రాలేదా?” అని తల్లి యడుగగా, జాబితాలో వరుస మార్చిన సరిపోవునని సమాధానము చెప్పి, ఆ పూట మజ్జిగతో సరిపెట్టుకొనెను.

ఫైళ్ల పేర్లలో ఖాళీ యనిన ఇతనికి సర్పదర్శనమే. ‘ప్రోగ్రామ్ ఫైల్స్’ అను రెండు మాటల నడుమ ఖాళీ వదలినవాని నుద్దేశించి ఇతడాడు మాటలు అచ్చువేయ దగినవి కావు. పినతండ్రి కూతురి పెండ్లి శుభలేఖను తయారుచేయు భారము మీదవేసికొని, వధూవరుల పేర్లకును ఇంటిపేర్లకును నడుమ అడుగుగీతలు తగిలించి, ఆహ్వానమంతయు చిన్నక్షరములతో ఇంగ్లీషున ముద్రింపించెను. మగపెండ్లివారు అది కొత్త ఫ్యాషనని తలచి ఊరకుండుట ఇతని భాగ్యము.

ఇతనికి ఒక ప్రతిపక్షము కలదు. ఏది చెడినను ‘నా దగ్గర నడుస్తోంది’ అను మహాజనులు వారు. తమ యింటి దారిని, తమ యూజరు పేరును, తమ సీ డ్రైవును ప్రోగ్రాము నడుమ స్థిరముగా చెక్కి, లోకమంతయు తమ గదిలోనే యున్నదని నమ్మువారు. వారిపై ఇతడు కురిపించు ఉపన్యాసమునకు సారమొక్కటే: మొదటినుండి చెప్పు దారి చోటు మారగానే చెడును, ఉన్నచోటి నుండి చెప్పు దారి, మూటతోపాటు తానును కదలివచ్చును.

ఈ సిద్ధాంతము ఒకనాడు జంక్షనులోని టీకొట్టు వద్ద పరీక్షకు నిలిచెను. బల్లపై కూర్చున్న వృద్ధుడొకడు సాంతము విని, “మా తాత కాలం సంగతి నాకు తెలీదు గాని, మా ఊరి చిరునామాకీ నీ జబ్బే ఉందిరా మనవడా” అనెను. ఆయన చెప్పినది అక్షరసత్యము. ఈ భద్రాచల సీమ నైజాము చేతినుండి 1860లో ఆంగ్లేయుల వశమై, మధ్యపరగణాల యెగువ గోదావరి జిల్లాలో నుండి, 1874లో మద్రాసు రాజధానిలోని గోదావరి జిల్లాకు వచ్చెను. 1959లో తూర్పు గోదావరి నుండి ఖమ్మమునకు పోయెను. 2014లో పోలవరపు ముంపు మండలముల వరుసలో చింతూరు మరల తూర్పు గోదావరికి తిరిగివచ్చెను. 2022లో పాడేరు కేంద్రముగా నేర్పడిన అల్లూరి సీతారామరాజు జిల్లాలో చేరెను. ఊరు అంగుళమైనను కదలలేదు. మొదటినుండి చెప్పు దారి మాత్రము పలుమారులు మారినది. కలెక్టరు కాగితము కొకమారు ఖమ్మము, ఒకమారు కాకినాడ, ఒకమారు పాడేరు. పాత రబ్బరుస్టాంపుల కాగితములు గలవారు కొత్త కచేరీలలో ఎఱ్ఱసిరాతో తిరిగివచ్చిన దరఖాస్తులను చేతబట్టుకొని తిరిగిరి. మూడు రాష్ట్రముల సరిహద్దులకు అటును ఇటును బంధుత్వములు నెరపుకొను కోయవారు మనుగడకు తెలుగు, ఒడియా, హిందీ బోర్డులలో దేనినైనను దాటిపోగలరు గాని, వారి సంచిలోని కాగితము దాటలేదు.

“మరి మీ అల్లుడికి ఇంటి దారి ఎలా చెప్పేవాడివి, తాతా?” అని మనవాడు కన్నులు మెరయగా నడిగెను.

“ఏముంది? శబరి రేవు నుంచి పైకొస్తే పెద్ద చింతచెట్టు, దాని వెనక రెండో ఇల్లు.”

“అదీ! అదే రిలేటివ్ పాత్! జిల్లా ఎన్నిసార్లు మారినా చెడదు!” అని ఇతడు గ్లాసు బల్లపై కొట్టి లేచెను. కొట్టువాడు గ్లాసును పరీక్షించెను.

వృద్ధుడు చుట్ట ఆర్పి నెమ్మదిగా ననెను: “2022 జూలైలో భద్రాచలం దగ్గర గోదారి డెబ్బై ఒక్క అడుగులు దాటినప్పుడు శబరి వెనక్కి తన్నింది గదరా. ఆ చెట్టు పోయింది. ఆ ఏడు అల్లుడు దసరాకి వచ్చి పొరుగువాళ్ల పంచెలో కాళ్లు కడుక్కున్నాడు.”

“పంచెలోనా?”

“పంచలో రా! నీ చెవికీ అక్షరం తేడా పడితే నడవదా ఏంటి?”

కొట్టు ఘొల్లుమన్నది. మనవాడు నవ్వలేదు. ఉన్నచోటు నుండి చెప్పు దారి సైతము ఒకచోటు నిలిచియుండునను నమ్మకముపై కట్టినదేనని, ఆ చోటు కొట్టుకొనిపోయినచో గీత ఎటు వాలినను ప్రయోజనము లేదని, తన విద్యలో అంతవరకు ఎవ్వరును చెప్పని పాఠము నాతడు అప్పుడు వినెను. ఎన్నటికిని చెడని దారి లేదు. చెడినపుడు దిద్దువాడొకడు మాత్రము కావలసియుండును. ఈ సంగతి తట్టినంతనే ఆతని ముఖము వికసించినది. జీవితాంతము పనికి కొదువ లేదు గదా!

ఇట్టివానికి కీర్తి దక్కదనుట నిజము. తప్పు తెరపైనున్నంత సేపును ఇతడు దేవుడు. తప్పు తొలగిన మరునిమిషమున అది యుండెనన్న గుర్తే మిగులదు గనుక, తొలగించినవాని గుర్తును మిగులదు. చింతపండు యాప్ కుర్రవాడు కళాశాలలో బహుమతి పుచ్చుకొని కృతజ్ఞతలు చెప్పిన పట్టికలో గురువులు, స్నేహితులు, మేనమామ, ఇంటర్నెట్టు వరకు కలరు గాని పాత్ అన్న లేడు. ఇతడు దానికి చింతింపలేదు. ప్రోగ్రాము నడుపు విధమును పది పంక్తులలో వ్రాసి దానితో జతచేసియుండెను. దానిని ఎవ్వరును చదువరని ఎరుగును. చదువకుండుటయే తన వృత్తికి మూలధనమనియు ఎరుగును.

మొన్న రాత్రి ఆ కుర్రవాడే ఫోను చేసెను. “అన్నా, మళ్లీ నడవడం లేదు!”

“ఏం చేశావురా?”

“ఏం చేయలేదన్నా. మా మావయ్య మ్యాక్ కొనిచ్చాడు, అందులోకి మార్చానంతే.”

“అబ్బ!” అనెను పాత్ అన్న, కుర్చీని ఈశాన్యపు మూలకు జరుపుకొనుచు. “ఏదీ, ఎర్ర అక్షరాలు మొదటి నుంచీ చదువు. ఒక్కటీ వదలకు.”