కలెక్టర్ గారికి, పెరుగు మీద ద్రాక్షపాకం విషయమై

గౌరవనీయులైన మేడ్చల్–మల్కాజిగిరి జిల్లా కలెక్టర్ గారికి,

విషయం: పెరుగు మీద వెచ్చని ద్రాక్షపాకం పోసిన తీపిని జిల్లా అధికారిక తీపిగా గుర్తించి, ముందుగా మహిళాశక్తి క్యాంటీన్లలో వడ్డించవలసిందని మనవి.

అయ్యా, లేక అమ్మా (బదిలీల వేగం తెలిసినవాళ్లు రెండూ రాసిపెట్టుకుంటారు), సోమవారం ప్రజావాణికి వచ్చే కాగితాల్లో ఇది తేలిగ్గా అడుగున పడిపోయే రకం. ఇందులో సర్వే నంబరు లేదు, హద్దురాళ్ల తగాదా లేదు, పాసుపుస్తకంలో తండ్రి పేరు తప్పు పడిందన్న మొరా లేదు. మేడ్చల్, శామీర్‌పేటల నుంచి భూమి అడగని అర్జీ రావడమే అనుమానించదగ్గ సంగతి కాబట్టి, దీని వెనక ఏ వెంచరూ లేదని ముందే విన్నవించుకుంటున్నాను. కోరేది ఒక్కటే. 2016 అక్టోబరు 11న పుట్టిన ఈ జిల్లాకు 2022 ఆగస్టు 17న అంతాయిపల్లిలో సొంత కలెక్టరేటు కూడా వచ్చింది. ఇది మాది అని అతిథి ముందు పెట్టుకోవడానికి ఒక తీపి మాత్రం ఇప్పటికీ లేదు. కొంపల్లి దాటి మేడ్చల్ దాకా హైవే పొడుగునా ఉన్న ఫంక్షన్ హాళ్లలో భోజనం చివర వచ్చేది హైదరాబాదు డబుల్ కా మీఠా, లేదంటే కంపెనీ ఐస్‌క్రీం. రెంటిమీదా నాకు కోపం లేదు. వాటిలో మనది ఎంత అన్నదే ప్రశ్న.

వస్తువేమిటో చెప్పకుండా జీవో అడగడం పద్ధతి కాదు గనుక వివరాలు ఇవి. కిలో గట్టి పెరుగును పలుచని గుడ్డలో మూటగట్టి మూడు నాలుగు గంటలు వేలాడదీస్తే తేట కారిపోయి, బరువు సగానికి కాస్త అటూఇటూగా తగ్గి, చెంచా నిలబడేంత ముద్ద మిగులుతుంది. కారిన తేటను పారబోయనక్కర్లేదు, చపాతీ పిండి కలపడానికి నీళ్లకంటే మేలు. పొయ్యి మీదికి అరకిలో నల్ల ద్రాక్ష, మూడు చెంచాల చక్కెర, చిటికెడు ఉప్పు, రెండు లవంగాలు. నీళ్లు వద్దు, పండులోనే కావలసినన్ని ఉన్నాయి. అయిదారు నిమిషాలకు తొక్కలు చిట్లి రసం గిన్నె అడుగంతా పరుచుకుంటుంది. పదో నిమిషానికి అది కాస్త చిక్కబడి, బుడగలు పెద్దవై, బద్ధకంగా పగులుతుంటాయి. అప్పుడు దించి, వేలు పెడితే ఓర్చుకోగలిగే వెచ్చదనానికి వచ్చాక చల్లని పెరుగు మీద పోయాలి. పెరుగును చెంచా వీపుతో నొక్కి చిన్న గుంట చేస్తే పాకం అందులో నిలుస్తుంది, అంచుల్లో మాత్రం తెల్లదనంలోకి సన్నని ఊదా గీతలా పాకుతుంది. ఓపిక పట్టక మరిగే పాకం గుమ్మరిస్తే పెరుగు విరిగి తేట పైకి తేలుతుంది. ఇందులో తప్పటడుగుకు చోటున్నది అక్కడొక్కచోటే. తీగపాకమా, ముదురుపాకమా అని నీళ్లలో వేసి చూసే పని లేదు. అరిసెల పొయ్యి దగ్గర పెద్దమ్మలు చెలాయించే అధికారం ఈ గిన్నె దగ్గర చెల్లదు.

ఇది ఈ జిల్లాకే ఎందుకంటే, సాక్ష్యం ద్రాక్ష పందిళ్ల కింద ఉంది. ఒకప్పుడు హైదరాబాదు ద్రాక్ష అంటే అనాబ్‌షాహి. అబ్దుల్ బాఖర్ ఖాన్ 1890 ప్రాంతంలో దాన్ని ఇక్కడ సాగులోకి తెచ్చాడని ద్రాక్ష చరిత్ర రాసినవాళ్లు చెబుతారు. కోలగా, లేత తేనెరంగులో, గింజతో ఉండే ఆ పండుకు నగరం చుట్టూ పందిళ్లు వేసి, దిగుబడిలో దేశమంతా చెప్పుకునే పేరు తెచ్చారు మన రైతులు. గింజలేని థామ్సన్ రకం వచ్చింది, వ్యాపారం నాసిక్, సాంగ్లీల వైపు మళ్లింది, ఇక్కడేమో బోర్లు అడుగంటాయి. ఆపైన ఔటర్ రింగు రోడ్డు. 158 కిలోమీటర్ల ఆ రోడ్డుకు ఆరో ఎగ్జిట్ మేడ్చల్, ఏడోది శామీర్‌పేట. గజాల్లో ధర పలికే నేలమీద ఎకరాల్లో తోట నిలబెట్టడం ఎంత కష్టమో మీ రిజిస్ట్రేషన్ లెక్కలకు నాకంటే బాగా తెలుసు. (భూమి ఊసు ఇంతవరకే.) అయినా తోటలు పూర్తిగా పోలేదు. అక్టోబరులో కత్తిరించిన తీగ జనవరి, మార్చి నెలల మధ్య కాపుకొస్తే, నగరం నుంచి కుటుంబాలు కార్లలో వచ్చి తామే గుత్తులు కోసుకుని తూకం వేయించుకునే తోటలు ఈ చుట్టుపక్కల ఇంకా ఉన్నాయి. కొనేవాళ్లకు కావలసింది నిండు గుత్తి. గుత్తి నుంచి రాలిన పండు, అకాల వానకు చిట్లిన పండు, మరీ చిన్నగా మిగిలిపోయిన పండు తక్కెడ దాకా రావు. పైగా ద్రాక్ష కోశాక పండే రకం కాదు. తీగ మీద ఎంత తీపి ఎక్కితే అంతే, కోసిన క్షణం నుంచి దిగజారడమే. అలాంటి పండుకు పొయ్యికి మించిన గిడ్డంగి లేదు. బూజు పట్టనంతవరకు, చిట్లిందా రాలిందా అన్న తేడా పాకానికి తెలియదు. ఈ తీపిని గుర్తించమనడంలో నా అసలు వాదన ఇదే: జిల్లాలో ధర దొరకని పండుకు ధర తెచ్చే వంటకం ఏదైనా ఉంటే, దాన్ని ఇంటివంటగా వదిలేయకుండా పరిపాలన పట్టించుకోవాలి.

ఇది విదేశీ వంట, మాల్‌లో ప్లాస్టిక్ కప్పులో అమ్మే గ్రీకు పెరుగుకు నకలు అని మీ సిబ్బందిలో ఎవరో ఒకరు ఫైలు మీద రాస్తారు. ఆ నోటుకు జవాబు హైదరాబాదు పెళ్లి విందులోనే ఉంది. ఖుబానీ కా మీఠా అంటే ఏమిటి? ఎండు పండును నానబెట్టి, చక్కెరతో ఉడికించి, పైన చల్లని మీగడ వేయడం. ఉడికిన పండు, చల్లని పాడి కలిస్తే బాగుంటుందని ఈ నగరం ఏనాడో తీర్మానించుకుంది. ఆ పండు మాత్రం చల్లని కొండ ప్రాంతాల నుంచి రావాలి, ద్రాక్ష శామీర్‌పేట నుంచి వస్తుంది. తెలుగు విస్తరి సంగతి ఇంకా తేలిక. ఎండాకాలం పెరుగన్నంలో మామిడిపండు పిసుక్కోని ఇల్లు ఎన్ని? దద్దోజనంలో దానిమ్మ గింజలు, ద్రాక్షపండ్లు వేయని పెళ్లి వంటవాళ్లు ఎందరు? అన్నం తీసేసి, పండును కాసేపు పొయ్యి ఎక్కించాం, అంతకుమించి ఇందులో సాహసం లేదు. తీపి పెరుగుకు పురాణం కావాలన్నా దొరుకుతుంది. చక్కెర కలిపి గుడ్డలో వడగట్టిన పెరుగుతో చేసే ‘రసాల’ అనే తీపిని కనిపెట్టింది భీముడని భావప్రకాశం అనే ఆయుర్వేద గ్రంథం చెబుతుంది. విరాటుడి కొలువులో వంటవాడిగా ప్రభుత్వోద్యోగం చేసినవాడు కనుక, ఆయన సిఫారసుకు మీ దగ్గర కొంత విలువ ఉండాలి.

పెరుగూ పండూ విరుద్ధాహారం అన్న అభ్యంతరాన్ని మాత్రం నవ్వి తోసేయలేను, దాని వెనక శాస్త్రగ్రంథముంది. కానీ ఆ గ్రంథాన్ని పూర్తిగా చదవాలి. చరకసంహిత పెరుగును రాత్రిపూట తినవద్దంది, వేడిచేసి తినవద్దంది, నెయ్యి, చక్కెర, తేనె, పెసరకట్టు, ఉసిరి వంటి తోడు లేకుండా ఉత్తగా తినవద్దని కూడా అంది. చక్కెర ఒప్పుకున్నారు, ఉసిరి అనే పండునూ ఒప్పుకున్నారు. ఇక వేడి మాట. మన గిన్నెలో వేడెక్కింది పండే, పెరుగు చల్లగానే ఉంది, పాకాన్ని చల్లార్చి పోయమనడం అందుకే. రాత్రి వద్దన్నది మాత్రం శిరసావహిస్తాను, క్యాంటీన్ ఎలాగూ మధ్యాహ్నానిదే. ఇప్పటి రసాయనశాస్త్రం కూడా పండ్లన్నిటినీ ఒకే గాటన కట్టదు. పచ్చి అనాసను పెరుగులో వేస్తే కాసేపటికి చేదెక్కుతుంది. అందులోని బ్రోమెలైన్ పాలలోని మాంసకృత్తులను ముక్కలు చేయడమే కారణం. ఉడికిస్తే ఆ గుణం నశిస్తుంది. సీతాఫలానిది దీనికి సరిగ్గా తలకిందులు: పచ్చిగా అమృతం, పొయ్యి ఎక్కిస్తే చేదు. ద్రాక్షకు ఈ రెండు పేచీలూ లేవు. చక్కెర జబ్బున్నవాళ్ల మాటకు నా దగ్గర జవాబు లేదు. వాళ్లకు ఐస్‌క్రీం పెట్టినా అదే ఇబ్బంది అనడం వాదన కాదు, మొండితనం. వాళ్లకు ఉత్త పెరుగే మర్యాద.

తీపి వంటలు జిల్లా యంత్రాంగం పరిధిలోకి రావన్నది చివరి అభ్యంతరం, నాకు ఇష్టమైనదీ ఇదే. 2023ను చిరుధాన్యాల సంవత్సరంగా జరుపుకున్నప్పుడు ప్రభుత్వ విందుల్లో జొన్నలు, కొర్రలు మెనూ ఎక్కాయి. అది పరిధిలోకే వచ్చింది. తిరుపతి లడ్డుకు 2009లో, హైదరాబాదు హలీంకు 2010లో, ఆత్రేయపురం పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు దక్కింది. ఐస్‌క్రీం మీద 18 శాతం జీఎస్టీ 2025 సెప్టెంబరు 22 నుంచి 5 శాతానికి దిగింది. ప్యాకెట్ పెరుగుకేమో అంతవరకు లేని 5 శాతం 2022 జూలై 18న వచ్చి పడింది. కప్పులో ఏముండాలన్నది సర్కారు ఇంత శ్రద్ధగా చూసుకుంటున్నప్పుడు, మీరొక్కరే సంకోచించడం బాగుండదు. పన్ను మీ చేతిలో లేదు, క్యాంటీన్ ఉంది. 2024లో మొదలైన ఇందిరా మహిళాశక్తి క్యాంటీన్లను నడిపేది స్వయం సహాయక సంఘాల మహిళలు. పొయ్యి, గిన్నె, ఫ్రిజ్ ఉన్న ఏ సంఘమైనా ఈ తీపి చేయగలదు. పాకం ఉదయం ఒక్కసారి కాచి, అడిగినప్పుడల్లా కాస్త వెచ్చబెట్టి పోస్తే చాలు. పెరుగు, పాకం కలిపి బల్లమీద ఉంచవద్దని మాత్రం ఆదేశంలో గట్టిగా రాయించండి, ఫిబ్రవరి చివరికల్లా ఎండ ఎలా ఉంటుందో తెలిసిందే.

మరికొన్ని చిన్న విన్నపాలు. ద్రాక్ష ఎసెన్సును, సీసాలో వచ్చే ఊదారంగు సిరప్పును టెండరులోనే నిషేధించాలి. ద్రాక్ష లేని నెలల్లో జామ, సపోటా ఉన్నాయి. మామిడి వచ్చాక పొయ్యి వెలిగించనే వద్దు. తీపికి ఏ నాయకుడి పేరూ పెట్టవద్దు, ప్రభుత్వం మారినప్పుడల్లా బోర్డు మార్చే ఖర్చు మిగులుతుంది. తోటల్లో కత్తిరింపులు అక్టోబరులో మొదలవుతాయి. ఆలోగా నిర్ణయం తీసుకుంటే, రాలిన పండుకు కిలోకు ఎంత ఇవ్వాలో ఉద్యానశాఖ వాళ్లు రైతులతో ముందే మాట్లాడుకోవచ్చు. ధర కాగితం మీద లేకుండా జనవరి వస్తే ఆ పండు మళ్లీ పందిరి కిందే మిగిలిపోతుంది.

ఇట్లు,
మీ విధేయ అర్జీదారు

జతపరచినవి: నమూనా గిన్నె జతపరచలేదు. తపాలా విభాగంలో ముద్ర పడి మీ బల్లకు చేరేలోపు పెరుగు పులిసిపోతుంది.