డప్పు మోగాక గుర్తొచ్చిన నిజాలు

కోర్టు అమీనా గుమ్మంలోకి వచ్చేదాకా మా వీధి బాబాయికి ఏ నిజమూ గుర్తు రాలేదు. ఇల్లు జప్తు అంటూ డప్పు మోగిందో లేదో అన్నీ ఒక్కసారే తన్నుకొచ్చాయి. ప్రోనోటు మీద సంతకం తనది కాదు. తనదే అయినా ఖాళీ కాగితం మీద పెట్టింది. డబ్బు తీసుకోనే లేదు. తీసుకున్నా ఎప్పుడో తీర్చేశాడు. నాలుగూ ఒక్క ఊపిరిలో చెప్పాడు పాపం, ఒకదాన్నొకటి పొడుచుకుంటున్నాయన్న ధ్యాసైనా లేకుండా.

"మరి దావా నడిచినప్పుడు ఏం చేశావు బాబాయ్?"

"సమన్లు తీసుకోకపోతే కేసు దానంతటదే పోతుందన్నార్రా ఎవరో."

పోలేదు. సమన్లు తలుపుకి అంటించారు, కోర్టుకి రాలేదని ఎక్స్‌పార్టీ చేశారు, డిక్రీ ఇచ్చేశారు. అంటించిన కాగితం మీదుగానే పిన్ని సంక్రాంతికి తలుపుకి రంగు వేయించింది.

ఇప్పుడు బాబాయి ఈపీ కోర్టుకి, అంటే డిక్రీ అమలు పిటిషన్ నడిచే కోర్టుకి, పరిగెత్తాడు. ఆ కోర్టుకి చెవులున్నాయి గానీ 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ వాటిలో దూది పెట్టింది. డిక్రీ ఒప్పా తప్పా అన్నది దానికి అనవసరం, వసూలు చేసి పెట్టడమే దాని ఉద్యోగం. 47వ సెక్షన్ కింద తగువు పెట్టుకోవచ్చు, కానీ ఆ తగువు అమలు గురించి ఉండాలి, అప్పు గురించి కాదు. అసలు అధికారమే లేని కోర్టు డిక్రీ ఇచ్చిందని రికార్డులోనే కనబడితే తప్ప దూది తీయదు. తప్పుడు డిక్రీ కూడా, పైకోర్టు కొట్టేసేదాకా, చెల్లే డిక్రీయేనని సుప్రీంకోర్టు 1970లోనే చెప్పేసింది.

ఎక్స్‌పార్టీ డిక్రీ రద్దు చెయ్యమని అడగడానికి 30 రోజులిచ్చారు. జిల్లా కోర్టులో అప్పీలుకీ అంతే. ఆలస్యమైతే తగిన కారణం చూపాలి. తలుపుకి రంగు వేయించామన్నది తగిన కారణమేనా అని వకీలుని అడిగాడు బాబాయి. ఆయన ఫీజు అడిగాడు.

నిజానికి ఆ నాలుగింటిలోనూ లేని ఐదో సంగతి ఒకటుంది, అదొక్కటే నిజం. డిక్రీ తర్వాత లక్ష రూపాయలు కట్టాడు. రామాలయం అరుగు మీద, ఇద్దరు పెద్దమనుషుల ఎదుట, అప్పిచ్చినాయన చేతికే. రాముడు చూశాడు, కోర్టు చూడలేదు. ఆర్డర్ 21 రూల్ 2 ప్రకారం కోర్టు బయట కట్టింది కోర్టులో రికార్డు కావాలి. రసీదైనా ఉండాలి, పుచ్చుకున్నాయనైనా ఒప్పుకోవాలి. లేదంటే ఈపీ కోర్టు లెక్కలో ఆ లక్ష సున్నా. పెద్దమనుషుల మాట అరుగు మీదే చెల్లుతుంది.

అప్పిచ్చినాయన ఏదో గెలిచాడనుకునేరు! ఈ దేశంలో వాది కష్టాలు డిక్రీ చేతికొచ్చాకే మొదలవుతాయని ప్రీవీ కౌన్సిల్ 1872లోనే వాపోయింది. బాకీదారుణ్ణి సివిల్ జైల్లో పెట్టిస్తే వాడి భోజనం ఖర్చు ఈయనే కట్టాలి, అదీ మూడు నెలలకి మించదు. ఈపీలు ఆరు నెలల్లో తేల్చండని సుప్రీంకోర్టు 2021లో ఆదేశించింది. ఈయన ఈపీ వయసు ఆరేళ్లు.

వేలం పై నెలలో. మంచి రేటు పలుకుతుందని పిన్ని తలుపుకి మళ్లీ రంగు వేయిస్తోంది. ఈసారి అంటించింది వేలం నోటీసు.