గీటురాయికి అందని నలభై

ప్రొద్దుటూరులో బంగారం కొనడం ఒక తంతు. మా అక్క కూతురి పెళ్ళికని మా అమ్మ తన పాత గాజులు గుడ్డలో కట్టుకొని అంగడికి వచ్చింది. అంగడాయన వాటిని నల్లటి గీటురాయి మీద గీసి, గీత మీద యాసిడ్ చుక్క వేసి, కళ్ళు చిట్లించి చూశాడు. ఆయన చూసే చూపును మా అమ్మ చూసింది. ఫ్యాను గాలికి తక్కెడ కదలకుండా అద్దాల పెట్టె తలుపు మూశారు. తూకం నిలబడేదాకా అంగట్లో ఎవరూ నోరు విప్పలేదు. కొత్త నగ దగ్గరికొచ్చేసరికి హాల్‌మార్కు ఏదన్నారు. 2023 ఏప్రిల్ నుంచి తప్పనిసరి చేసిన ఆరక్షరాల నంబరును భూతద్దం కింద నా చేత చదివించారు. ఇంత జరిగినాక కూడా “తరుగు ఏంటికి అంత?” అని ఇంకో అరగంట. రెండో బొంబాయి అని ఊరికే పేరు రాలేదు.

అదే సాయంత్రం మా అమ్మ మనవడు నాలుగు వీధుల అవతల మొబైల్ అంగట్లో పదిహేను వందలు పెట్టి గేమింగ్ బ్లూటూత్ హెడ్‌ఫోన్లు కొన్నాడు. పెట్టె మీద మంటలు లేచే అక్షరాలతో ‘40 ఎంఎస్ లో లేటెన్సీ’ అని ఉంది, అంటే శబ్దం చెవికి చేరడంలో ఆలస్యం నలభై మిల్లీసెకన్లేనని. గీత లేదు, చుక్క లేదు, భూతద్దం లేదు. నిజానికి అక్కడ కావలసింది భూతద్దమే. నలభైకి ముందు ‘అప్ టు’ అని ఒకటి, వెనక ఒక నక్షత్రం, ఆ నక్షత్రానికి పెట్టె అడుగున చీమ తలకాయంత వివరణ.

“నలభై అంటే యాడ నుంచి యాడికిరా?” అన్నాను.

“నలభై అంటే నలభయ్యే మామా.”

గ్రాము బంగారానికి ముగ్గురు సాక్షులను కూర్చోబెట్టే ఇంట్లో పుట్టిన పిల్లోడు చెప్పిన మాట ఇది.

షాపు కుర్రాడు మాత్రం పరీక్ష పెట్టకుండా అమ్మలేదు, ఆ మాట ఒప్పుకోవాలి. ఫోన్‌కు కలిపి ఒక సినిమా పాట వేసి, హెడ్‌ఫోన్లు నా చెవులకు తగిలించాడు. “చూడన్నా, పెదాలు కదిలినాయి, మాట వచ్చింది. డిలే ఏమన్నా ఉందా?” లేదు. ఉండదు కూడా. బ్లూటూత్‌లో శబ్దం ఆలస్యంగా చేరుతుందన్న సంగతి వీడియో యాప్‌కు ముందే తెలుసు. అందుకని బొమ్మను కూడా అంతసేపూ పట్టి ఉంచి, రెండిటినీ కలిపి వదులుతుంది. రెండూ ఒకే బస్సు తప్పిపోయి వచ్చాయి కాబట్టి ఎవరూ ఆలస్యమైనట్టు కనపడదు. ఆటలో ఈ మర్యాద కుదరదు. వేలు నొక్కిన క్షణంలో తుపాకీ పేలాలి, బొమ్మను ఆపితే ఆటే ఆగిపోతుంది. బొమ్మ వెళ్ళిపోతుంది, శబ్దం వెనక ఈడ్చుకుంటూ వస్తుంది. గేమింగ్ హెడ్‌ఫోన్లను సినిమా పాటతో పరీక్షించడమంటే ఇత్తడి గాజును తక్కెడలో వేసి ‘బరువు సరిపోయింది కదా, బంగారమే’ అనడం. అదే కౌంటర్ మీద ఆట తెరిచి, శిక్షణ మైదానంలో ఒక్క గుండు పేల్చి చూస్తే పది సెకన్లలో తేలిపోతుంది. ఆ పది సెకన్ల తీరిక మావాడికి దొరకలేదు. వాడప్పటికే లైట్ల రంగులు మార్చి చూస్తున్నాడు.

ఇంతకీ ఆ ఆలస్యం ఎక్కడిది? ఆట పుట్టించిన శబ్దాన్ని ఫోన్ నొక్కి చిన్నది చేస్తుంది, పొట్లాలు కడుతుంది, గాలిలో విసురుతుంది. చెవి దగ్గరి చిప్ కొన్ని పొట్లాలను ముందుగా పోగేసుకొని, విప్పి, అప్పుడు వినిపిస్తుంది. అన్ని బ్లూటూత్ హెడ్‌ఫోన్లకూ వచ్చిన ఎస్‌బీసీ అనే మామూలు పద్ధతిలో ఈ ప్రయాణానికి నూటయాభై నుంచి రెండువందల యాభై మిల్లీసెకన్లు పట్టడం సాధారణం. ‘గేమింగ్ మోడ్’ నొక్కితే చెవి దగ్గర పోగేసుకునే పొట్లాలు తగ్గుతాయి, ఆలస్యమూ కొంత తగ్గుతుంది. దాంతోపాటే నిల్వ లేని ఇంటికి చుట్టాలొచ్చినట్టవుతుంది. ఒక్క పొట్లం దారిలో తప్పిపోతే చాలు, చెవిలో గతుకు. ఆలస్యాన్ని తగ్గించే కొత్త పద్ధతులున్న మంచి చిప్పులూ ఉన్నాయి, కాదనను. కానీ ఆ కొత్త పద్ధతి హెడ్‌ఫోన్లలోనే కాక ఫోన్‌లోనూ ఉంటేనే పని చేస్తుంది. పెట్టె ఈ ముక్క చెప్పదు. బ్లూటూత్ 5.3 అని మాత్రం పెద్దగా చెబుతుంది, ఆ నంబరు పెరిగినంత మాత్రాన ఆలస్యం తరిగిపోతుందన్నట్టు.

మా అక్కవాళ్ళది జమ్మలమడుగు. మిద్దె మీద కూర్చొని ఆడుతున్న మావాడు, ఆటలో మూలన కనపడే పింగ్ తొంభై దాటిందని సెల్ టవర్‌ను, టవర్ పెట్టినోళ్ళను, వాళ్ళ వంశాన్ని తిడుతున్నాడు. తొంభై మిల్లీసెకన్లకే అంత కోపం. చెవుల మీద అంతకు రెట్టింపు కిరీటంలా మోస్తున్నాడు, దాని మీద కోపం లేదు. పదిహేను కిలోమీటర్లలో గండికోట ఉంది కాబట్టి లెక్క అక్కడికే పట్టుకుపోయాను. “శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది. రెండువందల మిల్లీసెకన్లంటే 68 మీటర్లు. నీ చేతిలో తుపాకీ పేలితే, పెన్నా లోయలో 68 మీటర్ల అవతల ఇంకెవడో పేల్చినట్టు వింటాండావు నువ్వు. క్రికెట్ పిచ్‌లు మూడు పరిచినా ఆ దూరం చాలదు.”

వాడు ఆలోచనలో పడ్డాడు. “అయితే గండికోట మ్యాప్ పెడితే బాగుంటాది మామా,” అన్నాడు.

పులివెందులలో ఇంజనీరింగ్ చదివే వాడి స్నేహితులు మరీ ఘనులు. 1999లో ‘సమరసింహారెడ్డి’ ఆడింది మొదలు సినిమావాళ్ళు సీమ పేరు చెప్పి సుమోలు పేల్చి సొమ్ము చేసుకుంటే, ఈ పిల్లలు చీనీ తోటల ఊళ్ళో మంచం మీద నలుగురు పడుకొని, ఎవరికీ గీత పడకుండా, రాత్రికి నలభై మందిని చంపి పొద్దున్నే ఉగ్గాని తింటున్నారు. అంతకంటే అహింస ఏముంటుంది? పబ్జీని 2020 సెప్టెంబరులో కేంద్రం ఆపింది, 2021లో అది బీజీఎంఐ అని పేరు మార్చుకొని వచ్చింది, 2022లో మళ్ళీ మాయమైంది, 2023లో మళ్ళీ తేలింది. ఆటకు ఇన్ని గండాలు వచ్చిపోయినా పెట్టె మీది నలభైకి మాత్రం చలనం లేదు.

వాళ్ళ హెడ్‌ఫోన్ల మీద ‘7.1 సరౌండ్’ అని ఉంది. థియేటర్లో అయితే చుట్టూ ఏడు స్పీకర్లు, అదురుకు ఇంకొకటి. ఇక్కడ చెవులు రెండు, స్పీకర్లు రెండు, మిగతాది సాఫ్ట్‌వేర్ చేసే మాయ. పోనీ అనుకుందాం. ఆటలో పక్కవాడితో మాట్లాడటానికి మైకు తెరిచారు. తెరవగానే బ్లూటూత్ పాటల దారి వదిలి ఫోన్ కాల్ దారి పట్టింది. ఆ దారిలో ధ్వని సన్నబడటమే కాదు, ఎడమా కుడీ కలిసిపోయి ఒక్కటైపోతుంది. శత్రువు అడుగుల చప్పుడు ఏ పక్క నుంచి వస్తోందో పసిగట్టాలనే కదా ఇదంతా కొన్నది? ఇప్పుడు ఆ అడుగులు నట్టనడి నెత్తి మీద నడుస్తున్నాయి. ‘ఎడంపక్క, ఎడంపక్క’ అని ఒకడు మొత్తుకుంటాడు, ఆ కేక రెండోవాడికి గుండు తగిలాక వినపడుతుంది.

ఈ తీగలేని విద్యను 1994లో స్వీడన్‌లో ఎరిక్సన్ కంపెనీ మొదలుపెట్టింది. తర్వాత దానికి పదో శతాబ్దపు డెన్మార్కు రాజు హెరాల్డ్ బ్లూటూత్ పేరు పెట్టారు, తెగలను ఏకం చేశాడని. ముఠాలు కలిపిన పుణ్యాత్ముడి పేరుతో ఒకే మంచం మీది నలుగురు ఒకరిమాట ఒకరికి అందక కొట్టుకుంటున్నారు. పైగా ఆ గదిలో వైఫై, నాలుగు ఫోన్లు, నాలుగు హెడ్‌ఫోన్లు, అన్నీ 2.4 గిగాహెర్ట్జ్ అనే ఒకే సందులో తోసుకుంటున్నాయి. దసరా రోజు ప్రొద్దుటూరు అమ్మవారిశాల ముందు జనం కొంత నయం.

బస్సులో పాటలు వినడానికి, మిద్దె మీద తిరుగుతూ ఫోన్ మాట్లాడటానికి బ్లూటూత్‌ను మించింది లేదు, నేనూ వాడతాను. తుపాకీ ఆటకే దాన్ని కిరీటం చేసి అమ్మడం దగ్గర నాకు మండుతుంది. మూడువందలకు దొరికే తీగ ఇయర్‌ఫోన్‌కు పొట్లాలు లేవు, గాలి ప్రయాణం లేదు, ఆలస్యం చెప్పుకోదగ్గంత లేదు. అందుకే దాని పెట్టె మీద చెప్పుకోవడానికీ ఏమీ లేదు. అంగట్లో వెనక అరలో దుమ్ము కొట్టుకొని ఉంటుంది, అడిగితే షాపు కుర్రాడు మనల్ని కీప్యాడ్ ఫోన్ వాడేవాళ్ళను చూసినట్టు చూస్తాడు.

పోయిన నెల జమ్మలమడుగు వెళ్తే మావాడు మిద్దె మీద ఆడుతున్నాడు. చెవుల్లో బస్టాండు దగ్గర కొన్న తీగ ఇయర్‌ఫోన్. మెడలో, సరుడు వేసుకున్నట్టు, పదిహేను వందల హెడ్‌ఫోన్లు, ఎరుపు నీలం లైట్లు తిరుగుతూ. ఆట అయిపోయాక ఇయర్‌ఫోన్ చుట్టి జేబులో పెట్టి, మెడలోది తీసి ఛార్జింగ్‌కు తగిలించాడు.

“వాడేది అది కాదు గదరా, దానికి ఛార్జింగ్ ఏంటికి?”

“లైట్లు ఎలగల్ల గదా మామా.”